తొక్కని నారుమడి

1964 జూలై 1, బుధవారం

ఈ నోటుపుస్తకం ఎవరూ చదవడానికి కాదు. చెల్లెలు సుభద్రమ్మకు అక్షరాలు రావు. ఇంట్లో మూడో మనిషి లేరు. కాబట్టి మర్యాద పాటించాల్సిన పని లేదు. నాకు డెబ్బై ఒకటో ఏడు. నాలుగు భాషల్లో చేతికి దొరికిందల్లా చదివాను. ఈ సత్యనారాయణపేటలో నాతో కాసేపు సమానంగా మాట్లాడగల మనిషి ఒక్కడు లేడు.

నాకు అన్యాయం చేసినవాళ్లు నలుగురున్నారు. వరుసగా రాస్తాను.

మొదటివాడు ముప్పై ఆరులో మద్రాసు నుంచి వచ్చిన ఆఫీసరు. మా ఇంట్లో పదిహేను రోజులు మజ్జిగ తాగి, నేను రాసిచ్చిన నలభై పేజీలను తన పేరుతో అచ్చు వేయించుకున్నాడు. పైగా మా పొద్దుకట్టు పనిని మెట్టప్రాంతపు మూఢనమ్మకం అన్నాడు. వాడి చేతిగడియారాన్నే మా దారం లోపల పెట్టి మూడు రోజుల తర్వాత తీస్తే పది నిమిషాలు నడిచి ఉంది. గడియారం చెడిపోయిందని రాశాడు!

వాడు తప్పుగా రాసినదాన్ని ఇక్కడ సరిదిద్దుతాను. నల్లరేగడి పత్తిని ఒకే పగటిలో, పొద్దు పొడిచినప్పటి నుంచి గుంకేదాకా చెయ్యి ఆపకుండా వడకాలి. ఆ దారాన్ని నేలలో దిగేసిన గూటాలకు తగిలించి, ఒక చోటి చుట్టూ తిప్పి ఆఖరి ముడి వేస్తే లోపల పొద్దు నడక తగ్గిపోతుంది. బయట మూడు రోజులైతే లోపల పది నిమిషాలు. మా తాతలు కోటల్లో ధాన్యానికీ, పెళ్లిళ్లలో పెరుగుకూ కట్టారు. తుంగభద్ర కాలువ వచ్చాక మేము నారుమళ్లకు కడుతున్నాం. నీళ్లు ఆలస్యమైతే నారు ముదురుతుంది. ముదిరిన నారు నాటితే పిలకలు వేయదు. మేము కడితే, ఇరవై అయిదు రోజుల నారు నీళ్లు వచ్చేదాకా ఇరవై అయిదు రోజుల నారుగానే నిలుస్తుంది.

పనికి ఇద్దరు. ఒకడు కట్టేవాడు, ఇంకొకడు తొక్కేవాడు. తొక్కేవాడు చెప్పులు విడిచి, సాళ్లవెంట మడి అంతా ఈ గట్టు నుంచి ఆ గట్టుదాకా తొక్కాలి. లోపల మనిషి గానీ గొడ్డు గానీ లేదని కాళ్లతో చూసి, చివరికి బయటికి వచ్చి 'ఖాళీ' అనాలి. ఆ మాట విన్నాకే కట్టేవాడు ముడి వేస్తాడు. నేను నలభై ఏళ్లు తొక్కేవాణ్ని. ఆఫీసరు పుస్తకంలో తొక్కేవాడి ఊసే లేదు.

జూలై 2

రెండోవాళ్లు లైబ్రరీ కమిటీవాళ్లు. నన్ను అధ్యక్షుణ్ని చేస్తామని, ఒక ప్లీడరును చేశారు. ఆ ప్లీడరు పుస్తకాన్ని మధ్యలో తెరిచి వాసన చూసి మూసేస్తాడు.

మూడోవాడు వెంకటరత్నం. కోస్తా నుంచి వచ్చి సిరుగుప్ప దగ్గర క్యాంపు వేసి, నలభై ఎకరాలు మాగాణి చేసినవాడు. వాడు చేసిన అన్యాయం ఏమిటో రాద్దామని కూర్చున్నాను. ఎంతకూ గుర్తు రావడం లేదు. నన్ను ఎప్పుడూ 'గారూ' అంటాడు. ఆ అనడంలో ఏదో ఉంది.

నాలుగోవాడు దుర్గప్ప. వాడి గురించి ఇంకో రోజు.

జూలై 4, శనివారం

నిన్నగాక మొన్న పేరు రాశానో లేదో, వెంకటరత్నం జీపు వేసుకుని దిగాడు.

"ఏవండీ రామసుబ్బయ్యగారూ! కాలువకు గండి పడిందండీ. పూడ్చడానికి నెలన్నర పడుతుందంటున్నారు. నా ఒక్కడిదే కాదు, క్యాంపులో అరవై కుటుంబాల నారండీ. ఇంకో పదిహేను రోజుల్లో నాటుకొచ్చేస్తుందండీ."

"కట్టేవాడు ఎవడున్నాడయ్యా? మా పెద్ద నింగప్పకు చూపు పోయింది. ఆయన దారం వడకడమే గొప్ప."

"దుర్గప్ప ఉన్నాడు కదండీ, యశ్వంతనగర్ గనిలో. మీరొక్క మాటంటే మీ పొద్దుకట్టు కూటంవాళ్లు మళ్లీ పనిలోకి రానిస్తారటండీ. ఏం చేశాడండీ పాపం, బీడీ కాల్చుకున్నాడు. ఏడేళ్లయింది. ఖూనీ చేసినోళ్లే బయటికొచ్చి హోటళ్లు పెట్టుకుంటున్నారు."

చూద్దామన్నాను. కాఫీ తాగకుండానే పోయాడు. సుభద్రమ్మ రెండు గ్లాసులూ తెచ్చి నా ముందే పెట్టింది.

"ఏమంట?"

"దుర్గప్పను పిలవమంటాడు."

"పిలువు" అంది. గ్లాసులు అక్కడే వదిలేసి లోపలికి పోయింది.

జూలై 5

సరే, నాలుగోవాడు.

1957 జూలై. వెంకటరత్నం నారుమడి. దుర్గప్ప కట్టేవాడు, నేను తొక్కేవాణ్ని. ఖాళీ అని చెప్పి నేను వెళ్లిపోయాను. వాడు వెంటనే ముడి వేయలేదు. బీడీ ముట్టించాడు. ఆ సందులో కూలిమనిషి ఉచ్చెంగమ్మ లోపలికి పోయి, మడి మూలనున్న ఎండిన పిల్లకాలువలో పడుకుంది. ముడి పడింది. కట్టిన మడి బయటివాళ్లకు ఎండమావిలా కనిపిస్తుంది. తొంగి చూడటం మాలో నిషేధం. ఇరవై మూడు రోజులకు నీళ్లు వచ్చాయి. ముడి విప్పాం. ఆమెకు గంటంబావు గడిచింది.

ఇంటి దగ్గర ఆమెకు నాలుగు నెలల బిడ్డ. ముడి పడిన పద్నాలుగో రోజున బిడ్డ పోయింది.

కూటంలో నింగప్ప అడిగాడు, "ముడికి ముందు బీడీ ముట్టించినావా?" దుర్గప్ప ముట్టించానన్నాడు. అంతే. వాడి మణికట్టు దారం తెంపేశారు. పొద్దుకట్టు పని ఇక తాకకూడదన్నారు. ఉచ్చెంగమ్మ ఏదో చెప్పబోయింది. ముడి లోపల ఉన్నవాళ్ల మాట పొద్దు విషయంలో చెల్లదు. అది మా కట్టడి. కూర్చోమన్నారు. ఆ కట్టడి నేను పెట్టింది కాదు.

నా వల్ల జరిగింది ఏమీ లేదు. మూడుసార్లు కేక వేశాను, లోపల ఎవరైనా ఉన్నారా అని. అది అబద్ధం కాదు.

జూలై 6

మూడుసార్లు.

జూలై 9, గురువారం

దుర్గప్ప వచ్చాడు. నింగప్ప కబురు పెడితే యశ్వంతనగర్ నుంచి మొదటి బస్సుకే వచ్చాడట. కూటం పంతొమ్మిదో తేదీన. దానికి పది రోజుల ముందే వచ్చి కూర్చున్నాడు.

గుర్తు పట్టలేదు. జుట్టూ కనురెప్పలూ అన్నీ ఎర్రగా ఉన్నాయి. ఇనుపగని దుమ్ము. సుభద్రమ్మ నీళ్లు తోడిపెట్టి, ముందు స్నానం చెయ్యమంది.

"రెండు బిందెలకు పోదమ్మా ఇది. చర్మంలోకి పోయిండాది. నన్ను కరగబెడితే ఒక కొడవలి అవుతాది" అన్నాడు.

ఆమె నవ్వింది. ఈ ఇంట్లో ఆమె నవ్వు విని ఎన్నాళ్లయిందో.

అన్నం తిన్నాక నా అల్మారా ముందు నిలబడి పుస్తకాలు చూశాడు.

"ఇన్నీ చదివినావా అప్పా?"

"చదివాను."

"చదివి ఏం జేస్తివి?"

వెక్కిరింపు కాదు. నిజంగానే అడిగాడు. నేను పుస్తకాల వరస సర్దుతుంటే వాడే అందుకున్నాడు.

"రామసుబ్బప్పా, నీ తావ ఒక మాట చెప్పాలని ఏడేండ్ల నుంచి అనుకుంటాండా. నా బీడీతో నీకూ మాట వచ్చె. నువ్వు తొక్కి ఖాళీ అని నాకు అప్పజెప్పి పోతివి. నేను నిలుపుకోలేకపోతి. ఆపొద్దు నుంచి బీడీ ముట్టలేదు. ఉచ్చెంగమ్మ మగడు గాళెప్ప ఆమెను వదిలేసి పాయె. ఏటా ఒక మూట జొన్నలు ఆమె ఇంట్లో దించి వస్తాండా. తీసుకోదు. గడప తావ పెట్టి వస్తా. నువ్వు నన్ను క్షమించాల."

వంగి నా కాళ్లు పట్టుకున్నాడు.

నేను లేవదీయాలి కదా. లేవదీయలేదు. చాలాసేపు వాడి నెత్తి మీద ఎర్రదుమ్ము చూస్తూ కూర్చున్నాను. తర్వాత "సరేలే" అన్నాను.

సరేలే అన్నాను నేను.

జూలై 10

రాయడానికి ఏమీ లేదు. ఒక యాత్రాగ్రంథం మొదలుపెట్టి మూసేశాను.

జూలై 12, ఆదివారం

దుర్గప్ప నింగప్ప ఇంటికి పోయాడు, దారం పని చూడటానికి. ముట్టుకోకూడదు కాబట్టి దూరంగా కూర్చుని చూస్తాడట.

సుభద్రమ్మ బట్టలు ఉతికి వచ్చి నా పంచెలు దండెం మీద వేస్తోంది. వెనక్కి తిరగకుండానే మొదలుపెట్టింది.

"పంతొమ్మిదో తేదీ ఏం చెప్తావన్నా?"

"ఏడేళ్లు చాలు, రానీయండి అని చెప్తా. పెద్దమనసు చేసుకుంటా."

"పెద్దమనసా?"

"ఏందే నీ ఎత్తిపొడుపు?"

"నలభై ఏండ్లు నీ పంచెల బురద ఉతికినదాన్ని. మడి తొక్కి వస్తే మోకాళ్ల దాకా నల్లగా పట్టుంటాది. మూడు నీళ్లకు గాని పోదు. ఆపొద్దు సిరుగుప్ప నుంచి శాలువా కప్పుకొని వస్తివి. ఆ పంచె చూస్తి. అంచుకు గూడా మట్టి లేదు."

దండెం మీద పంచె సవరిస్తూనే ఉంది.

"ఎవరికన్నా చెప్పినావా?"

"ఎవరికి చెప్పేది? నువ్వే చెప్తావని చూస్తి. ఏడేండ్లు చూస్తి. మొన్న ఆ మనిషి కాళ్ల మీద పడె. అప్పుడన్నా చెప్తావనుకొంటి. సరేలే అంటివి."

అప్పుడు తిరిగింది. ఆమె ముఖంలో కోపం ఉంటే బాగుండేది.

అక్షరాలు రానిదని మొదటి రోజు రాశాను.

జూలై 13

గట్టు మీంచి వేశాను కేక.

జూలై 14, మంగళవారం

ఆ రోజు కూడా జూలై పద్నాలుగే. రాస్తాను.

మధ్యాహ్నం మూడింటికి సిరుగుప్ప బంగళాలో సభ. ఇంజనీర్లు, రైతు పెద్దలు, ఇద్దరు పత్రికలవాళ్లు. పొద్దుకట్టు చరిత్ర మీద నా ఉపన్యాసం, తర్వాత నాకు శాలువా. నెల రోజులు రాసుకున్నాను ఆ ఉపన్యాసాన్ని. బళ్లారిలో కొత్త పంపుషూ కొన్నాను, జీవితంలో మొదటి జత. దుర్గప్ప నారుమడి చుట్టూ గూటాలు నాటుతుంటే నేను గట్టు మీద చెట్టునీడలో నిలబడి కాగితాలు మరొకసారి చదువుకున్నాను. రోడ్డు మీద నన్ను సభకు తీసుకుపోయే జీపు హారన్ కొట్టింది. ఒకసారి, మళ్లీ ఒకసారి.

షూ విప్పాలి. పంచె ఎగగట్టాలి. తొక్కాలి. తర్వాత కాళ్లు కడుక్కోవాలంటే, మడిలో మిగిలిన బురద తప్ప నీళ్లు లేవు, కాలువలో నీళ్లు లేకనే కదా ఈ కట్టడం. బురదకాళ్లతో ఇంజనీర్ల ముందు నిలబడాలి.

మడి ఎదురుగా పచ్చగా, బోసిగా ఉంది. ఎవరూ లేరని నాకు తెలుసు అనుకున్నాను. మూడుసార్లు కేక వేశాను. 'ఖాళీ' అన్నాను. దుర్గప్ప నావైపు వీపు పెట్టి వంగి ఉన్నాడు. తల ఎత్తకుండా, సరేనన్నట్టు, "ఆయ్తప్పా" అన్నాడు. నలభై ఏళ్లలో వాడు నా మాటకు ఒక్కసారి తల ఎత్తి చూడలేదు. చూడాల్సిన అవసరం రాలేదు.

జీపు ఎక్కి కూర్చున్నాక వెనక్కి చూస్తే బీడీ పొగ కనిపించింది. ఆఖరి గూటం వదులైతే సరిచేస్తూ ముట్టించాడు. ఆ పొగ నాకు ఇరవై మూడు రోజుల తర్వాత కూటంలో చెప్పడానికి పనికి వచ్చింది.

సభలో నేను ఏం మాట్లాడానో రాయాలి. ఇది రాయకపోతే మిగతాది రాసి లాభం లేదు. మా వృత్తి గొప్పతనం దారంలో లేదు, తొక్కేవాడి వట్టికాళ్లలో ఉంది అన్నాను. మట్టిని కాలితో అడిగి, అది చెప్పాకే పొద్దును ఆపుతాం అన్నాను. చప్పట్లు కొట్టారు. ఒక ఇంజనీరు కళ్లు తుడుచుకున్నాడు. అదే వేళకు ఆమె ఆ పిల్లకాలువలో పడుకుని ఉంది.

ఆమె కనిపించలేదని ఊళ్లో వెతికారు. ఎవడో లారీ డ్రైవరుతో పోయిందన్నారు. సిరుగుప్ప హోటల్లో ఆ మాట వచ్చినప్పుడు నేనూ ఒక హాస్యం ఆడాను. బాగా పేలింది. ఏం అన్నానో గుర్తుంది, రాయను.

ముడి విప్పిన రోజు మొదట లోపలికి పోవాల్సింది తొక్కేవాడే. ఆ రోజు షూ వేసుకోలేదు నేను. పిల్లకాలువ దగ్గరికి పోయేసరికి ఆమె కళ్లు నులుముకుంటూ లేచి కూర్చుంటోంది. రవికె ముందుభాగం తడిసి ఉంది. "అయ్యో, కునుకు పట్టె. పాలు పొంగుతాండాయి, బిడ్డ ఏడుస్తుంటాది" అని చెంగు సర్దుకుని నన్ను దాటి ఇంటివైపు పరుగెత్తింది. గట్టు మీద పదిమంది ఉన్నారు. ఒక్కరూ ఆమెను ఆపలేదు. ఒక్కరూ చెప్పలేదు.

ఆమె పరుగెత్తుతుంటే నేను అప్పటికే ఆలోచిస్తున్నాను. బీడీ గురించి.

జూలై 16

పంతొమ్మిదో తేదీకి ఏం చెప్పాలో రాసుకున్నాను. నాలుగుసార్లు మార్చాను. మూడో ప్రతి బాగుంది.

జూలై 19, ఆదివారం

కౌల్‌బజారులో నింగప్ప ఇంటి వసారాలో కూటం. పదకొండు ఇళ్లవాళ్లు మిగిలారు మాలో. వెంకటరత్నం కూడా వచ్చి గోడవార కుర్చీలో కూర్చున్నాడు. దుర్గప్ప చెప్పుల దగ్గర, గడప అవతల.

నింగప్ప చూపులేని కళ్లు నావైపు తిప్పి, "మాతాడు రామసుబ్బప్పా. నీ మాటతో తెంపిన దారం. నీ మాటతోనే కలపాల" అన్నాడు.

లేచాను. ఉతికిన పంచె, పైన ఉత్తరీయం. చెప్పాను. "ఏడేళ్లుగా మోస్తున్న బరువును ఈ రోజు దించుకుంటున్నాను. ఆ పాపం దుర్గప్పది కాదు. నాది. శిక్ష వేయదలిస్తే నాకు వేయండి. ఆ తల్లి కన్నీటికి బాధ్యుణ్ని నేను" అన్నాను. గొంతు వణికింది. వణకాలని అనుకోలేదు, కానీ వణికినందుకు బాధపడలేదు.

నింగప్ప ఏడ్చాడు.

"నోడ్రప్పా... చూసినారా! కట్టేవాని తప్పును తొక్కేవాడు నెత్తిన వేసుకొంటాండాడు. ఇంత దొడ్డ మనసు యాడన్నా ఉండాదా?"

"లేదు లేదు, నేను నిజమే చెబుతున్నాను" అన్నాను.

"చూడండ్రి, ఇంకా ఎట్ల పట్టు పడతాండాడో!" ఎవరో అన్నారు.

దుర్గప్ప గడప అవతలనే లేచి నిలబడ్డాడు. ముఖమంతా నీళ్లు. "వద్దప్పా. నా కోసం నువ్వు అబద్ధమాడొద్దు. బీడీ ముట్టించింది నేను. నన్ను రానియ్యకపోయినా ఫర్వాలేదు. నువ్వు మట్టుకు ఆ మాట అనొద్దు."

రానిచ్చారు. నింగప్ప చేత్తో తడుముతూ కొత్త దారం వాడి మణికట్టుకు కట్టాడు. వెంకటరత్నం జీపులోంచి పూలదండ తెచ్చాడు, ముందే తెచ్చుకున్నట్టున్నాడు. అది దుర్గప్ప మెడలో వేస్తాడనుకున్నాను. నా మెడలో వేశాడు. "మీలాంటివాళ్లు ఉండబట్టేనండీ" అన్నాడు.

దండతోనే ఇంటికి వచ్చాను. సుభద్రమ్మ తలుపు తీసి దండ చూసింది.

"చెప్పినావా?"

"చెప్పాను. ఎవరూ నమ్మలేదు."

"ఏమని చెప్తివి?"

చెప్పాను, ఏమన్నానో మాట మాటా.

"తొక్కలేదు అని చెప్పినావా?"

తలుపు దగ్గర నిలబడి ఒక్కొక్క వాక్యం మళ్లీ వెతుక్కున్నాను. పాపం ఉంది, బరువు ఉంది, కన్నీరు ఉంది. తొక్కలేదు అన్న మాట ఎక్కడా లేదు. రాసుకున్న నాలుగు ప్రతుల్లోనూ లేదు. ఇప్పుడే తీసి చూశాను.

జూలై 20

ఒక్క వాక్యం. చిన్నపిల్లవాడు కూడా చెప్పగలడు.

జూలై 21, మంగళవారం

ఈ రోజు వెంకటరత్నం క్యాంపులో కట్టారు. తొక్కే పని నన్నే చెయ్యమన్నారు, గౌరవంగా. నేను తగనన్నాను. అదీ వినయం అనుకున్నారు. నింగప్ప అల్లుడు తొక్కాడు. నేను గట్టు మీద కూర్చుని వాడు ప్రతి సాలూ తొక్కేదాకా చూశాను.

ముడి పడ్డాక దుర్గప్ప చేతులు దులుపుకుంటూ నా దగ్గరికి వచ్చాడు. ఏడేళ్ల తర్వాత కూడా ఆ ముడి చూడముచ్చటగా ఉంది. చుట్టూ ఎవరూ లేరు.

"దుర్గప్పా, ఆ రోజు నేను మడి తొక్కలేదు. షూ వేసుకుని గట్టు మీద నిలబడి ఖాళీ అన్నాను."

వాడి చేతులు ఆగాయి. నా ముఖంలోకి చూశాడు. నలభై ఏళ్లలో చూడని చూపు. ఇప్పుడు తెలుస్తుంది, ఇప్పుడు కొడతాడు అనుకున్నాను. కొట్టాలనే కోరుకున్నాను.

"లేదప్పా. తొక్కినావు."

"తొక్కలేదు."

"తొక్కినావు" అన్నాడు. గొంతు పెరిగింది. "నువ్వు తొక్కకపోయింటే నేను ఏడేండ్లు ఏం చేసినట్లప్పా? ఆ గనిలో, ఆ దుమ్ములో? ఎందుకు చేసినట్ల? తొక్కినావు. ఇంగ ఆ మాట ఎత్తొద్దు. ఎత్తితే మనిద్దరికీ మాటల్లేవు."

గూటాల సంచి భుజాన వేసుకుని పోయాడు. ఆ మనిషికి నేను తిరిగి ఇవ్వగలిగింది ఏమీ మిగల్లేదని అప్పుడు అర్థమైంది. తన తప్పు అనుకున్నదాన్ని పట్టుకుని బతికాడు. దాన్ని కూడా లాక్కోబోయాను.

నన్ను నమ్మగలిగిన మనిషి ఇక ఒక్కతే ఉంది.

జూలై 23, గురువారం

సిరుగుప్ప పోయి వచ్చాను. ఉచ్చెంగమ్మ ఒక బియ్యం మిల్లు కల్లంలో కూలి. ఉప్పుడు వడ్లు ఆరబోసి, ఆడవాళ్లు అడ్డంగా నిలువుగా నడుస్తూ కాళ్లతో తిరగేస్తున్నారు. ఆమెను గుర్తు పట్టడం కష్టం కాలేదు. అందరికన్నా నిదానంగా నడుస్తోంది. మిగతావాళ్లు మాట్లాడుకుంటున్నారు, ఆమె మాట్లాడటం లేదు.

కల్లం అంచున నిలబడ్డాను. చెప్పులు విడిచాను. నా దగ్గరి అంచుకు వచ్చినప్పుడు తల ఎత్తింది.

"ఎవరప్పా?"

"పొద్దుకట్టు రామసుబ్బయ్యను."

వెనక్కి తిరిగి వడ్లలో సాలు తీసుకుంటూ అవతలి కొసదాకా పోయింది. తిరిగి వచ్చేదాకా ఆగాల్సి వచ్చింది. బస్సులో ఎన్నో వాక్యాలు కూర్చుకున్నాను. ఆమె వచ్చేసరికి ఒకటీ లేదు.

"ఆ రోజు నేను మడి తొక్కలేదమ్మా. తొక్కకుండా ఖాళీ అన్నాను. దుర్గప్ప బీడీ వల్ల కాదు."

"తెలుసు" అంది.

మళ్లీ పోయింది. మళ్లీ వచ్చింది. ఆమె చెప్పేదంతా ఇలాగే, ఒక్కో సాలు చివర ఒక్కో ముక్కగా చెప్పింది.

"దుర్గప్పన్న గూటాలు దింపుతా ఉన్నెప్పుడే నేను కాలువలో పండుకొనింటి. ఆయన దగ్గు వింటా నిద్రపోతి. ముడికి చానా ముందర అది."

"మళ్లీ ఎవరికీ చెప్పలేదా?"

"కూటంలో లేస్తి గదా. ముడి లోపల ఉన్నెదానివి, నీకు పొద్దు సంగతి ఏం తెలుస్తాది, కూచో అనిరి. నువ్వూ ఆడనే ఉంటివి."

ఉన్నాను.

"దుర్గప్పన్నకు గూడా చెప్తిని, జొన్నలు తెచ్చినపుడు. నన్ను సముదాయించేదానికి చెప్తాండావు తల్లీ అని ఏడ్చె. ఆ మనిషికి ఇంగ చెప్పేది ఇడిస్తిని."

అవతలి కొసకు పోయింది. ఎండ మండుతోంది. వడ్ల ఆవిరి వాసన. ఈసారి తిరిగి వచ్చి, నాకు ఎదురుగా, వడ్ల అంచున ఆగింది.

"ఒగటి అడుగుతా. నిజం చెప్పు."

"అడగమ్మా."

"తొక్కింటే ఎంతసేపు పట్టుతుండె?"

నలభై ఏళ్లు తొక్కినవాణ్ని. ఆ మడి ఎన్ని సాళ్లో ఇప్పటికీ చెప్పగలను. అరగంట అనాలని నాలుక కొసదాకా వచ్చింది. మడి పెద్దదనీ, ఎండ అనీ, నేల వదులుగా ఉందనీ.

"పావుగంట" అన్నాను.

ఆమె నా కాళ్లవైపు చూసింది. తర్వాత ముఖంవైపు.

"అంతేనా?"

"అంతే."

ఆమె తిరిగి వడ్లలోకి నడిచింది. బస్సు వేళ దాటిపోయింది. ఆమె పొమ్మనేదాకా ఉందామని నిలబడ్డాను. ఆమె సాలు వెంట సాలు తీస్తూనే ఉంది, నావైపు చూడలేదు, పొమ్మనలేదు. వడ్లు కుప్ప చేసి, పట్టాలు కప్పి, ఆడవాళ్లందరూ వెళ్లిపోయాక గేటు మూసేవాడు వచ్చి నన్ను పొమ్మన్నాడు.